అవతార్‌లో ఏ పక్షం? ఒక కరెంటోడి రివ్యూ

నైట్ డ్యూటీ దిగి ఇంటికొచ్చేసరికి పొద్దున ఎనిమిదవుతుంది. టిఫిన్ తిని పడుకుందామంటే నిద్ర రాదు. ఇరవై ఆరేళ్లుగా ఇదే గోల. మొదట్లో లైన్ మీద చేశాను. మోకాలు పాడయ్యాక 33/11 కేవీ సబ్‌స్టేషన్‌లో షిఫ్ట్ ఆపరేటర్‌గా వేశారు. ఆ నిద్రపట్టని పొద్దుల్లోనే, సెలవులకి హాస్టల్ నుంచి వచ్చిన మా అమ్మాయి లాప్‌టాప్‌లో 'అవతార్: ద లాస్ట్ ఎయిర్‌బెండర్' మొత్తం చూశాను. బొమ్మల సీరియల్. నీలం రంగు మనుషుల సినిమా వేరే, ఇది వేరే.

మొత్తం 61 ఎపిసోడ్లు, ఒక్కోటి ఇరవై మూడు నిమిషాలు అటూ ఇటూగా. అమెరికాలో నికలోడియన్ చానల్లో 2005 ఫిబ్రవరిలో మొదలై 2008 జులైలో అయిపోయింది. తీసినవాళ్లు మైకేల్ డాంటే డిమార్టినో, బ్రయాన్ కోనియెట్జ్‌కో అనే ఇద్దరు అమెరికన్లు. కథ చిన్న మాటలో చెప్పాలంటే లోకంలో నాలుగు జాతులు. ఒక్కో జాతిలో కొందరికి ఒక్కో భూతం మాట వింటుంది: నీరు, నేల, నిప్పు, గాలి. నాలుగూ వినేది ఒక్కడికే, వాడే అవతార్. ఫైర్ నేషన్ నూరేళ్లుగా మిగతా ముగ్గురి మీద యుద్ధం చేస్తోంది. నూరేళ్లు మంచుగడ్డలో నిద్రపోయి లేచిన ఆంగ్ అనే పన్నెండేళ్ల బోడిగుండు పిల్లాడు దాన్ని ఆపాలి. మనకి పంచభూతాలు కదా, ఐదోది ఏదని అడిగాను. "చూడు నాన్నా, ముందే అడక్కు" అంది.

మూడో ఎపిసోడ్ దగ్గర అదే అడిగింది. "నువ్వయితే ఏ నేషన్ నాన్నా?"

కరెంటోడిని, ఇంకేం చెప్తాను. ఫైర్ నేషన్ అనేశాను. తనదీ అదే. ఆ దేశపు రాజకుమారి అజూలా అంటే దానికి పిచ్చి. 61 అయ్యేసరికి నేను మాట మార్చాను, తను మార్చలేదు. ఆ గొడవే ఈ రివ్యూ. ముగింపు దాకా అన్నీ చెప్పేస్తాను, చూడనివాళ్లు చూసొచ్చి చదవండి.

ముందు ఫైర్ నేషన్. నాలుగింటిలో రాసినవాళ్లు ఎక్కువ కష్టపడింది దీని మీదే. బొగ్గు, ఇనప ఓడలు, కోట గోడకి కన్నం పెట్టే పేద్ద డ్రిల్లు, అన్నీ వాళ్లవే. విలన్ దేశం కాబట్టి అందరూ కోరలు పెట్టుకుని తిరుగుతారనుకున్నాను. మూడో సీజన్‌లో ఆంగ్ దొంగచాటుగా వాళ్ల బడికి వెళ్తే అక్కడ మామూలు పిల్లలే. డ్యాన్స్ చేయకూడదని రూలు, చరిత్ర పాఠంలో అబద్ధాలు. గాలి జాతి సన్యాసులకి సైన్యం ఉండేదని పుస్తకంలో రాసి ఉంటుంది. వాళ్లందరినీ చంపేసి, చంపినందుకు కారణం పుస్తకంలో అచ్చేశారన్నమాట. వాళ్ల ద్వంద్వయుద్ధం పేరు 'అగ్ని కై'. అగ్ని మనదే, కై ఎక్కడిదో. ఎర్త్ కింగ్‌డమ్‌లో ముసలి రాజు పేరు బూమి. ఎగిరే దున్న పేరు అప్ప. మనకి మాత్రమే నవ్వొచ్చే చోట్లు చాలా ఉన్నాయి. వాళ్లు నోరు తిప్పుకుని 'ఆవటార్' అంటుంటే మొదటి రెండు రోజులు చెవిలో ఇసుక పోసినట్టుండేది, తర్వాత అలవాటయింది.

నేను లాప్‌టాప్ దగ్గరికి కుర్చీ లాక్కుని కూర్చున్నది మాత్రం రెండో సీజన్ తొమ్మిదో ఎపిసోడ్‌కి. పేరు 'బిటర్ వర్క్'. జూకో అనే రాజకుమారుడికి పెదనాన్న ఐరో మెరుపు విద్య చెప్తాడు. జూకో చెల్లెలే ఈ అజూలా. నిప్పు జాతిలో కూడా మెరుపు పుట్టించేవాళ్లు చేతివేళ్ల మీద లెక్క పెట్టేంతమందే: ఐరో, రాజు ఓజై, అజూలా. ఐరో చెప్పేదేమిటంటే, ఒంట్లో ఉన్న రెండు రకాల శక్తుల్ని ముందు విడదీయాలి. అవి మళ్లీ ఒకదాన్నొకటి ఢీకొనే క్షణంలో మెరుపు పుడుతుంది. ఆ మెరుపుని నువ్వు ఆజ్ఞాపించలేవు, దారి మాత్రమే చూపించగలవు. నిజం మేఘంలో జరిగేదీ దాదాపు ఇదే. మంచు పలుకులూ గడ్డలూ రాసుకుని ప్లస్ పైకి, మైనస్ కిందకి విడిపోతాయి, తర్వాతే పిడుగు. జూకోకి కోపం ఎక్కువ. చేతులు తిప్పగానే ఫ్యూజ్ పేలినట్టు వాడి మొహం మీదే పేలుతుంది, వెళ్లి వెనక పడతాడు. రెండోసారి, మూడోసారి కూడా అంతే.

అప్పుడు ఐరో ఇంకోటి చెప్తాడు. ఎదుటివాడు మెరుపు వేస్తే దాన్ని వేళ్లతో అందుకుని, చేతిగుండా భుజానికి, భుజం నుంచి కిందకి పొట్టలోకి, మళ్లీ పైకి, రెండో చేతిగుండా బయటికి పంపెయ్యడం. గుండె మీదుగా మాత్రం పోనివ్వకూడదు, పోతే ప్రాణం పోతుంది.

వీడియో ఆపేశాను. "ఏమైంది?" అంది అమ్మాయి.

మాకు మొదట నేర్పేదే అది. కరెంటు ఒక చేత్తో ఎక్కి రెండో చేత్తో దిగితే మధ్యలో ఉండేది గుండె. అందుకే లైవ్ ప్యానెల్ దగ్గర పాత ఫోర్‌మెన్లు "ఒక చెయ్యి జేబులో పెట్టరా" అని అరిచేవాళ్లు. ఐరోది అదే పాఠం, కాకపోతే జేబులో పెట్టడానికి బదులు పొట్టలోంచి బైపాస్ వేశాడు. మా యార్డ్‌లో ట్రాన్స్‌ఫార్మర్‌కి ముందు ఎల్‌ఏలు, అంటే లైట్నింగ్ అరెస్టర్లు ఉంటాయి, పిడుగు లైన్ మీద పడితే అవి తీసుకుని భూమిలోకి దించేస్తాయి. ఐరో అంటే నడిచే ఎల్‌ఏ. రోజుకి నాలుగుసార్లు టీ తాగే ఎల్‌ఏ.

ఈ విద్య ఐరోకి నిప్పువాళ్లు నేర్పలేదు. వాటర్ ట్రైబ్ వాళ్లు నీళ్లని ఎలా తోస్తారో, ఎలా మళ్లిస్తారో చూసి తనే కనిపెట్టాడు. శత్రువు దగ్గర చూసి నేర్చుకున్నది. అజూలాకి ఇది రాదు, ఓజైకి రాదు. వాళ్లు వెయ్యగలరు, తినలేరు. మా అమ్మాయితో మొదటి గొడవ ఇక్కడే. "అజూలా నీలం నిప్పు వేస్తుంది నాన్నా, పద్నాలుగేళ్లకే!" అంటుంది. వేస్తుంది తల్లీ, కాదన్నానా. ప్రొటెక్షన్ లేని ఫీడర్ (ఊళ్లకి కరెంటు మోసే లైన్) ఎంత లోడ్ లాగినా నాకు నమ్మకం ఉండదు, అంతే.

ఇంకో తమాషా. సూర్యగ్రహణం పట్టిన ఎనిమిది నిమిషాలు నిప్పు జాతికి పవర్ కట్. ఒక్కడికీ నిప్పురవ్వ రాదు. మనవాళ్లు అదే అదనని సైన్యం వేసుకుని వెళ్తారు, తీరా చూస్తే రాజు ముందే బంకర్‌లో దాక్కున్నాడు, ఊరంతా ఖాళీ. షట్‌డౌన్ టైమ్ ముందే తెలిసినవాడు ట్యాంకు నింపుకుని కూర్చున్నట్టు. ఆ రెండు ఎపిసోడ్లూ ఈ సీరియల్‌లో నాకు బాగా నచ్చినవాటిలో ఉన్నాయి.

ఎర్త్ కింగ్‌డమ్ దగ్గరికొస్తే నాకు మొదటి నుంచీ ఒకటే ఫిర్యాదు. ఎర్త్ అంటే మా భాషలో ప్రాణం. గొయ్యి తవ్వి, ఉప్పూ బొగ్గూ వేసి, ఎండాకాలం నీళ్లు పోసి కాపాడుకునేది. నేలని ఎత్తి గోడ కట్టగలిగిన ఇంతమంది మనుషుల్లో ఒక్కడంటే ఒక్కడికి, మెరుపొస్తే దాన్ని నేలలోకి దించాలన్న ఆలోచన రాదు! రాళ్లు విసురుకోవడమే సరిపోతుంది.

టాఫ్‌ని మాత్రం ఏమీ అనలేను. పుట్టుగుడ్డి పిల్ల, పన్నెండేళ్లుంటాయి, నేల అదురుని అరికాళ్లతో పట్టి లోకాన్ని చూస్తుంది. అందుకని చెప్పులు వేసుకోదు. మా డ్యూటీలో అయితే ఉత్తకాళ్లతో యార్డ్‌లోకి వచ్చినందుకు మెమో ఇచ్చేవాళ్లు. ఆ పిల్లని ఇనప పెట్టెలో పెట్టి తాళం వేస్తారు. లోహం నీ మాట వినదులే అన్న ధీమా. తను అరచేయి ఆనించి నింపాదిగా తడుముతుంది. ఇనుము అంటే శుద్ధి చేసిన మట్టేగా, ఎక్కడో కొంచెం మట్టి మిగిలి ఉంటుంది. ఆ మిగిలినదాన్ని పట్టుకుని రేకుని కాగితంలా నలిపేస్తుంది. నాలుగు జాతుల చరిత్రలో అంతవరకూ ఎవరూ చేయనిది, ఒక మొండి పిల్ల పెట్టెలో కూర్చుని చేసింది. ఆ సీన్ రెండుసార్లు వేయించుకున్నాను.

ఈ రాజ్యపు రాజధాని బా సింగ్ సే. చుట్టూ ఆకాశమంత గోడలు. బయట నూరేళ్ల యుద్ధం, లోపల ఆ మాట ఎత్తకూడదు. ఎత్తితే డై లీ అనే రహస్య పోలీసులు రాతి చేతులు విసిరి పట్టుకుపోతారు. వాళ్లూ భూమి విద్యవాళ్లే. చెరువు కింద గదుల్లో కూర్చోబెట్టి మనిషి బుర్ర కడిగేస్తారు. ఊరు చూపించడానికి జూ డీ అనే ఆవిడని ఇస్తారు, ఎప్పుడూ నవ్వుమొహమే. ఒకరోజు ఆవిడ మాయమై ఇంకో ఆవిడ వస్తుంది, ఈవిడ పేరూ జూ డీయే, నవ్వూ అదే. నాకు వెన్నులో చలి పుట్టింది. ఊరు చీకట్లో ఉండగా కాగితం మీద 'సప్లై నార్మల్' అని రాసే పద్ధతి ఎక్కడిదో నాకు తెలుసు, ఎక్కడో చెప్పను. ఇంతకీ ఆ రాజుకి యుద్ధం జరుగుతోందనే తెలియదు! ఎలుగుబంటిని పెంచుకుంటూ కూర్చుంటాడు.

ఐరో సేనాపతిగా ఉన్నప్పుడు 600 రోజులు ముట్టడించి, అక్కడే కొడుకుని పోగొట్టుకుని, తిరిగి వెళ్లిపోయిన ఊరది. డ్రిల్లు తెచ్చినా పడలేదు. చివరికి అజూలా వేషం మార్చుకుని లోపలికొచ్చి, ఆ డై లీ వాళ్లనే తన వైపు తిప్పుకుని, యుద్ధం లేకుండానే పట్టేసింది. వాళ్లకి జాతి కాదు ముఖ్యం, ఎవరు గట్టిగా ఆర్డర్ వేస్తే వాళ్లు. అన్ని పక్షాల్లోకీ నాకు అసహ్యం వేసినది డై లీ. మూడో సీజన్ చివర అజూలాకి మతి చలించి అదే డై లీని కూడా నమ్మక తరిమేస్తుంది. చెర్రీ పండులో గింజ తీయడం మరిచిన పనిపిల్లని దేశం దాటిస్తుంది. "పాపం నాన్నా" అంది మా అమ్మాయి. పనిపిల్ల గురించి కాదు, అజూలా గురించి!

వాటర్ ట్రైబ్ రెండు ముక్కలు. ఉత్తరాన పెద్ద మంచు నగరం, దక్షిణాన నాలుగు గుడారాలు. దక్షిణాది నీటి విద్యవాళ్లని ఫైర్ నేషన్ ఏరి ఏరి పట్టుకుపోయింది, మిగిలింది కటారా ఒక్కతే. నేర్చుకుందామని ఉత్తరానికి వెళ్తే, ఆడవాళ్లకి వైద్యం మాత్రమే నేర్పుతాం, పోరాటం నేర్పం అంటాడు పాకూ అనే గురువు. కటారా అక్కడే మంచు గట్టు మీద వాడితో కలబడుతుంది. ఓడిపోతుంది, కానీ ఏం కొట్టిందనుకున్నారు!

ఇక్కడ రచయితల మీద నాకు కోపం. పాకూ మనసు మారేది ఆ పిల్ల పనితనం చూసి కాదు. మెడలోంచి ఊడిపడిన నెక్లెస్ చూసి. ఒకప్పుడు తను పెళ్లి చేసుకుందామనుకున్నావిడ కోసం తన చేత్తో చెక్కినది, ఆవిడే కటారా నాయనమ్మ. నెక్లెస్ ఊడకపోతే నేర్పేవాడా? ఆమధ్య తెలంగాణలో ఆడపిల్లలు లైన్‌మన్ ఉద్యోగం కోసం కోర్టు దాకా వెళ్లి, స్తంభం ఎక్కి చూపించి ఉద్యోగం తెచ్చుకున్నారు. వాళ్లకి ఏ నెక్లెస్సూ సాయపడలేదు. ఎక్కారు, దిగారు, అంతే.

మూడో సీజన్‌లో హామా అనే ముసలావిడ కథ మాత్రం పగలు చూసినా భయం వేసింది. ఫైర్ నేషన్ జైల్లో చేతులు కట్టేస్తే, పౌర్ణమి రాత్రుల్లో ఎలుకల ఒంట్లో నెత్తుటిని కదపడం సాధన చేసింది. నెత్తురూ నీళ్లేగా. తర్వాత కాపలావాడి ఒంటినే తోలుబొమ్మలా ఆడించి బయటపడింది. గాయం మాన్పే విద్యా అదే, మనిషిని బొమ్మని చేసే విద్యా అదే. అది తనకీ వచ్చేసిందని తెలిసి కటారా ఏడుస్తుంది. 'మంచి పక్షం' అన్న మాట నేను అక్కడితో వదిలేశాను.

గాలి జాతి గురించి చెప్పడానికి పెద్దగా లేదు. ఒక్కడు మిగిలితే అది పక్షం ఎలా అవుతుంది? ఆంగ్ తన గుడికి తిరిగి వెళ్లినప్పుడు గురువు గ్యాట్సో అస్థిపంజరం కనిపిస్తుంది, చుట్టూ ఫైర్ నేషన్ సైనికుల కవచాలు గుట్టగా. ఒక్క మాట చెప్పరు, ఆ సన్యాసి చివర్లో ఏం చేశాడో మనకే అర్థమవుతుంది. దాని తర్వాత ఏడెనిమిది ఎపిసోడ్లకి ఒక లోయ దగ్గర రెండు తెగలు దెబ్బలాడుకునే ఎపిసోడ్ వస్తుంది, అది వదిలేయండి, ఏమీ పోదు.

అసలు ఏ జాతీ కాని పక్షం ఒకటుంది, వైట్ లోటస్. మూడు దేశాల ముసలాళ్లు, పైకి చదరంగం లాంటి ఆట ఆడుకునేవాళ్లు. ఐరో, బూమి, నెక్లెస్ పాకూ, ఫైర్ నేషన్ నుంచి పారిపోయిన ఇంకొకాయన, అందరూ అందులోవాళ్లే. చివర్లో బా సింగ్ సేని విడిపించేది వీళ్లే. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ కొట్టినప్పుడు మా వైపు లైన్లన్నీ నేలమీద ఉంటే పక్క రాష్ట్రాల నుంచి గ్యాంగులు వచ్చాయి. మేం మాట్లాడేది వాళ్లకి సగం అర్థమయ్యేది, వాళ్లది మాకు సగం. 'ఎర్త్ వేశావా' అన్న ఒక్క మాట మాత్రం అందరికీ ఒకటే. ఎవడో ఇంట్లో జనరేటర్ పెట్టుకుంటే లైన్‌లోకి రివర్స్‌లో కరెంటు వస్తుంది, ఎర్త్ వేయకుండా తీగ ముట్టుకోకూడదు. ఆ ముసలాళ్లు ఒకరికొకరు అడ్డు రాకుండా పనిచేస్తుంటే ఆ వారం గుర్తొచ్చింది.

ఇక ముగింపు. రెండో సీజన్ చివర అజూలా మెరుపు ఆంగ్ వీపులో దిగి కాలిగుండా బయటికి పోతుంది. మూడో సీజన్‌లో వీపు మీదా, పాదం మీదా మచ్చలుంటాయి. ఎక్కిన చోటు, దిగిన చోటు. పిల్లల బొమ్మల సీరియల్‌లో ఇంత పట్టించుకున్నారంటే దణ్ణం పెట్టాలి. కానీ ఆ దెబ్బకి మూసుకుపోయిన చక్రం చివరి యుద్ధంలో ఎలా తెరుచుకుంటుందయ్యా అంటే, వీపు సరిగ్గా రాయికి కొట్టుకుని! పాత టీవీని పక్కన చరిస్తే బొమ్మ వచ్చినట్టు. అంతకుముందు గురు పథిక్ అనే మన గడ్డపాయన ఉల్లిపాయా అరటిపండూ కలిపిన రసం తాగించి ఏడు చక్రాలూ పాఠం చెప్పింది దీనికా? సింహం తలా తాబేలు ఒళ్లూ ఉన్న జీవం ఒకటి వచ్చి ఐదో విద్య ఇచ్చి పోతుంది, ఆంగ్ దాంతో ఓజై శక్తి లాగేస్తాడు. నా ఐదో భూతం దొరికిందనుకోండి, అయినా ముందు నుంచీ పునాది వేసి ఉండాల్సింది. అదే సమయంలో అజూలా జూకోల అగ్ని కై మాత్రం అద్భుతం. అజూలా కటారా మీద వేసిన మెరుపుకి జూకో అడ్డం దూకుతాడు, దారి సరిగ్గా మళ్లించలేక కూలిపోతాడు. తర్వాత కటారా నీళ్లతో, అజూలా మెరుపుతో, నీటి కాలవ మీదున్న ఇనప జాలీ పైన. తడి నేల, ఇనుము, మెరుపు. అమ్మాయి గోళ్లు కొరుకుతోంది, నేను కళ్లు మూసుకున్నాను.

సరే, ఏ పక్షం?

దానికి జవాబు ఇందులో దొరకలేదు, దీని తర్వాత కథ 'ద లెజెండ్ ఆఫ్ కోరా'లో దొరికింది. 2012లో మొదలైంది, కథాకాలం డెబ్భై ఏళ్ల తర్వాత. సీరియల్‌గా దీనంత బాగోదు. అమాన్ అనేవాడు ఏ విద్యా లేనివాళ్లని కూడగట్టి విద్యవాళ్ల మీద తిరగబడతాడు. మంచి గొడవే పట్టుకున్నారు. తీరా అమాన్ కూడా నెత్తుటి విద్యవాడేనని తేల్చి, లేనివాళ్ల కష్టం సంగతి మాత్రం పక్కన పడేశారు. అది వేరే రివ్యూ.

ఆ కథ జరిగే రిపబ్లిక్ సిటీలో మాకో అనే కుర్రాడున్నాడు. తల్లీతండ్రీ లేరు, తమ్ముణ్ణి పోషించాలి. ఆట పోటీలో కట్టడానికి డబ్బు తక్కువైతే పనికి వెళ్తాడు. ఎక్కడికి? పవర్ ప్లాంట్‌కి. వరసగా మనుషులు నిలబడి చేతుల్లోంచి మెరుపు తీసి యంత్రంలోకి కొడుతుంటారు, దాంతో ఊళ్లో లైట్లు వెలుగుతాయి. రాజకుటుంబంలో ముగ్గురికి తప్ప ఎవరికీ రాని విద్య, తన రెండు చేతులూ చూసుకుని అజూలా మురిసిపోయిన విద్య, ఇప్పుడు కూలిపని.

"ఇదీ నా పక్షం" అన్నాను.

"ఫైర్ నేషనా?"

"కాదు. ఈ షిఫ్ట్."

వీడియో ఆపించి, వాళ్ల కాళ్ల కింద రబ్బరు మ్యాట్ ఉందా లేదా అని స్క్రీన్ దగ్గరికి వంగి చూస్తున్నాను. మా అమ్మాయి నవ్వుతూ ఫోటో తీసింది. అప్పటికి మధ్యాహ్నం పన్నెండున్నర, రాత్రికి మళ్లీ డ్యూటీ.